పిండి పాఠం

ముప్ఫై ఏళ్ళుగా మద్రసాలో పిల్లలకు పాఠాలు చెబుతున్న మేము, గడచిన నవంబరులో ఒక పూట విద్యార్థిగా బల్ల ముందు నిలబడవలసి వచ్చింది. పాఠం అరబీ వ్యాకరణమూ కాదు, ఫిఖ్హ్ కూడా కాదు. గోధుమపిండిని కలిపి, తొక్కి, కోసి, జపాను వారు ‘ఉదోన్’ అని పిలిచే లావుపాటి నూడుల్స్ తయారు చేయడం.

మా పెద్దబ్బాయి, కోడలు ఉద్యోగరీత్యా టోక్యోలోని నిషి కసాయ్‌లో ఉంటారు. భారతీయులు ఎక్కువగా స్థిరపడిన పేట అది. వారిని చూడడానికి మేమూ మా శ్రీమతీ వెళ్ళినప్పుడు కోడలు అడిగింది: “అబ్బాజాన్, అమ్మీ చేతి సేవయ్యాల గురించి ఇక్కడి నా స్నేహితురాలికి చెప్పాను. అలాంటి పనినే వాళ్ళ ఊరివైపు బడిలో నేర్పుతారట. షికోకు వెళ్దామా?” మేము వెంటనే ఒప్పుకోలేదు. ఖర్చు ఒక్కటే కారణం కాదు. వంటింటి పని నేర్చుకోవడానికి అంత దూరం పోవడమేమిటన్న చిన్నచూపు మాలో ఉండినది. ఇప్పుడు దాచడం దేనికి? శ్రీమతి మాత్రం ఆ మాట వినగానే సిద్ధమైంది.

చొప్పదండిలో మా అమ్మీ జీవించి ఉన్న కాలంలో షాబాన్ నెలలోనే సేవయ్యాల పని మొదలయ్యేది. పిండిని గట్టిగా పిసికి, తడిగుడ్డ కప్పి నాననిచ్చి, మంచానికి మర బిగించేవారు. ఒకరు పిండి ముద్దలు వేస్తుంటే మరొకరు పిడి తిప్పేవారు. కిందికి జారే పోగులను పిల్లలం అరచేతులతో అందుకుని కర్రల మీద ఆరవేసేవాళ్ళం. పొరుగింటి హిందూ ఆడవారు సాయానికి వచ్చేవారు. మేము సేవయ్యా అంటే వారు సేవెలు అనేవారు. ఎవరి పండుగకు వారు కొంత పట్టుకుపోయేవారు. అమ్మీ తరువాత ఆ పని మా శ్రీమతి చేతికి వచ్చింది. ఆరేళ్ళ క్రితం ఆమె వేళ్ళ కీళ్ళు పట్టుకుపోయాయి. పిండి పిసకడం ఆమె వల్ల కాలేదు. మర అటకెక్కింది. నాటి నుండి మా ఈద్ షీర్ ఖుర్మాలో పడేది దుకాణపు పొట్లమే. ఆమె ఆ విషయం ఏనాడూ ఎత్తలేదు. మేమూ అడగలేదు.

టోక్యో నుండి బయలుదేరి జుమా నమాజు కోసం కోబేలో ఆగాము. అక్కడి మసీదు 1935 నాటిది. భారతీయ ముస్లిం వర్తకుల విరాళాలు కూడా అందులో ఉన్నాయి. 1945 నాటి బాంబు దాడులనూ, 1995 నాటి భూకంపాన్నీ తట్టుకుని నిలిచిన ఆ గోడల మధ్య సజ్దా చేసినప్పుడు కలిగిన అనుభూతిని మరోసారి వేరుగా రాస్తాము, ఇన్‌షా అల్లాహ్. అటుపై ఒకయామా చేరి, 1988లో ప్రారంభమైన సేతో మహావంతెన మీదుగా రైలులో సముద్రం దాటి షికోకు ద్వీపంలో అడుగుపెట్టాము.

మేము వెళ్ళిన కాగవా, జపానులోని 47 పాలనా ప్రాంతాలలో విస్తీర్ణంలో అతి చిన్నది. పూర్వనామం సనుకీ. అక్కడ వాన తక్కువ, పెద్ద నదులు లేవు. అందుచేత ఆ నేలంతా చెరువులు తవ్వుకున్నారు, వేల సంఖ్యలో! వాటిలో పెద్దదైన మన్నో చెరువు కట్టను 821లో కూకాయ్ అనే బౌద్ధ సన్యాసి పర్యవేక్షణలో బాగుచేశారట. కట్ట తెగితే ఊరేమవుతుందో కరీంనగర్ జిల్లా వారికి వేరే చెప్పనక్కరలేదు గనుక మేము ఆ కథను శ్రద్ధగా విన్నాము. వరి కోసిన పొలంలో నీరు చాలక గోధుమ వేసేవారు. ఉప్పు పక్కనే ఉన్న సముద్రం నుండి వచ్చేది. రసానికి కావలసిన చిన్న ఎండుచేపలూ అక్కడివే. ఉన్న మూడు వస్తువులతో పుట్టిన వంట అది. తరువాతి కాలంలో ఆస్ట్రేలియా గోధుమ వచ్చి స్థానిక గోధుమను వెనక్కి నెట్టగా, అక్కడి వారు తమ నేలకు తగిన కొత్త వంగడాన్ని రూపొందించి ‘సనుకీ నో యుమే 2000’ అని పేరు పెట్టుకున్నారు. ‘యుమే’ అంటే కల.

బడి కొతోహిరా అనే చిన్న పట్టణంలో ఉన్నది. పాఠం చెప్పినావిడ డెబ్బై దాటిన పెద్దమనిషి. కోడలి స్నేహితురాలు ఆమె మాటలను ఇంగ్లీషులోకి, కోడలు ఉర్దూలోకి మార్చి చెప్పారు. మొదట మా ప్రశ్న హలాల్ గురించే. ఉదోన్‌లో పడేవి గోధుమపిండి, నీరు, ఉప్పు. అందులో ఏ సందేహమూ లేదు. సందేహమంతా రసంలోనే. ఎండుచేప, సముద్రపు నాచు ధర్మసమ్మతమే గాని, తీపి కోసం కలిపే ‘మిరిన్’లో సుమారు 14 శాతం మద్యసారం ఉంటుంది. ఉడికితే ఆవిరైపోతుంది కదా అని కొందరు సర్దిచెబుతారు. మద్యం కలిపిన వంటకం పొయ్యి మీద పెట్టినంత మాత్రాన హలాల్ కాదని మేము చదువుకున్నాము, అదే చెప్పాము. ఆవిడ నొచ్చుకోలేదు. ఉడికించిన ఉదోన్‌పై కాస్త సోయా సాస్ పోసుకుని తినడమే తమ ఊళ్ళో పాత పద్ధతి అన్నది. హలాల్ ముద్ర ఉన్న సీసాను కోడలు ముందే సంచిలో వేసుకుని వచ్చింది.

ఉప్పునీటికీ ఒక లెక్క ఉన్నది. ఒక గిన్నె ఉప్పుకు ఎండాకాలం మూడు గిన్నెల నీరు, చలికాలం ఆరు, మిగతా రోజుల్లో ఐదు. వేడికి పిండి మెత్తబడుతుంది, ఉప్పు దానిని బిగిస్తుంది. అందుకే ఈ తేడా. ఇంతవరకూ మేము మంచి విద్యార్థిమే. కలిపిన ముద్దను ఆవిడ దళసరి ప్లాస్టిక్ సంచిలో పెట్టి, నేల మీద వేసి, “ఇక తొక్కండి” అన్నది.

మా కాలు కదలలేదు. దస్తర్‌ఖాన్ మీద నుండి ముద్ద జారిపడితే, మట్టి దులిపి తినవలసిందిగా దైవప్రవక్త (సల్లల్లాహు అలైహి వసల్లం) బోధించారు. రొట్టె ముక్క దారిలో కనిపిస్తే తీసి గోడ మీద పెట్టే ఇల్లు మాది. అల్లాహ్ ప్రసాదించిన ఆహారాన్ని పాదాల కింద వేయడమా? మేము మోకాళ్ళ మీద కూర్చుని పిడికిళ్ళతో అదమసాగాము. నీరు తక్కువగా పోసిన ఆ పిండి రాయిలా ఉన్నది. పది నిమిషాలకే చెమట పట్టింది. ముద్ద మాత్రం అంచుల్లో పగుళ్ళు విప్పుకుని అలాగే కూర్చున్నది. మనిషి బరువంతా పడితే తప్ప ఈ పిండిలో జిగి పుట్టదని ఆవిడ వివరించింది.

అప్పుడు శ్రీమతి మెల్లగా అన్నది: “మన కళ్ళంలో బంతి కట్టి వడ్లు తొక్కించలేదా? ఎడ్ల వెనుక మీరూ నడిచారు కదా. ఆ బియ్యం తినలేదా?”

ఫిఖ్హ్ గ్రంథాలు తిరగేసిన మాకు ఆ మాట తట్టలేదు. ఆహారాన్ని కించపరచడం వేరు, ఆహారంగా మలిచే పని వేరు. పిండికీ పాదానికీ మధ్య శుభ్రమైన సంచి ఉన్నది, కాలికి ఉతికిన మేజోళ్ళు ఉన్నాయి. మేము ఇంకా ఆలోచిస్తుండగానే ఆమె బిస్మిల్లాహ్ అని సంచి మీదికి ఎక్కింది.

ఆ తరువాత చూసిన దానిని ఎలా రాయాలో తెలియడం లేదు. టీకప్పు పట్టుకోవడానికి రెండు చేతులూ వాడే మనిషి, మడమలతో చిన్న చిన్న అడుగులు వేస్తూ ముద్దను అప్పంలా పరిచింది. దానిని మడత పెట్టించి మళ్ళీ ఎక్కింది. ఎప్పుడు ఆపాలో ఆమెకు ఎవరూ చెప్పలేదు. సంచి పైనుండి బొటనవేలితో అదిమి చూసి “అయింది” అన్నది. జపాను ఆవిడా తాకి చూసి తల ఊపింది. ఇద్దరికీ ఒకరి భాష ఒకరికి రాదు. తరువాత మా ముద్దను కూడా ఆమే తొక్కి చక్కదిద్దింది.

పిండి నానే వ్యవధిలో వారు సామాన్ల గది ఖాళీ చేసి ఇచ్చారు. జుహర్ ఖసర్ చేసుకున్నాము. అక్కడ ఖిబ్లా పడమరకు కాస్త ఉత్తరంగా ఉంటుంది. ఆపై కర్రతో పరచి, మడచి, వెడల్పు కత్తితో కోయడం మా వంతు. ఒక పోగు దారంలా, ఒక పోగు బెల్టులా వచ్చింది. కోడలు నవ్వు ఆపుకోలేకపోయింది. మరిగే నీటిలో పన్నెండు నిమిషాలు ఉడికించి, చల్లటి నీటిలో బాగా కడిగి తిన్నాము. అల్‌హందులిల్లాహ్, బాగున్నది.

తిరుగు రైలులో మాకు ఒక హదీసు గుర్తుకొస్తూనే ఉన్నది. దైవప్రవక్త (స) ఇంట్లో ఉన్నప్పుడు ఇంటివారి పనిలో తోడ్పడేవారని హజ్రత్ ఆయిషా (రజి) తెలిపినది, సహీహ్ బుఖారీలోనిది. ఎన్ని తరగతులకు చెప్పామో లెక్కలేదు. ఆరేళ్ళలో ఒక్క షాబాన్‌లోనైనా, “నీవు కూర్చుని చెప్పు, పిండి మేము పిసుకుతాము” అని ఆమెతో అనలేదు.

ఈసారి షాబాన్‌లో అటక మీది మరను దించి, తుప్పు రుద్ది, నూనె వేశాము. శ్రీమతి గది తలుపు మూసి పిండి తొక్కింది. ఊరివారు చూస్తే ఏమనుకుంటారోనన్న బెరుకు ఆమెది. పిడి తిప్పడం మా పని. మొదటి వాయి పోగులు మధ్యలో తెగిపోయాయి. నీరు ఒక చెంచా తగ్గించమన్నది. రెండో వాయికి పొరుగింటి ముసలమ్మ గడప దగ్గరకు వచ్చి, “సేవెలు చేస్తున్నరా? గిన్నొద్దులకు!” అంటూ కర్ర పట్టుకుని నిలబడ్డది.