ప్రతిదేహం : పరిశోధకుని పనిముట్టు

మీరెప్పుడైనా రక్త గ్రూపు పరీక్ష చేయించుకున్నారా? స్లైడుపై రెండు చోట్ల రక్తపు చుక్కలు వేసి, వాటికి రెండు వేర్వేరు ద్రవాలు కలుపుతారు. 'ఎ' గ్రూపు వారి రక్తం ఒక చోట గుంపులుగా విడిపోతుంది. రెండో చోట మామూలుగానే ఉంటుంది. ఆ ద్రవాలలో ఉన్నవి ప్రతిదేహాలు. తాళానికి దాని తాళంచెవి మాత్రమే సరిపోయినట్లు, ప్రతి ప్రతిదేహం తనకు సరిపోయే పదార్థాన్నే పట్టుకుంటుంది. ఈ గుణమే పరిశోధకులకు ఉపయోగపడుతుంది. ఎలాగో చూద్దాం.

1. జన్యువును నిశ్శబ్దం చేసే ప్రోటీను

జన్యువులోని సమాచారం ముందుగా వార్తాహర ఆర్.ఎన్.ఎ. అనే నకలుగా మారుతుంది. ఆ నకలు ప్రకారం కణం ప్రోటీనును తయారు చేస్తుంది. నకలును మధ్యలోనే కోసివేస్తే? జన్యువు చెక్కుచెదరదు, కాని ప్రోటీను తయారు కాదు. జన్యువు నిశ్శబ్దమైందన్నమాట. రెండు పోగుల ఆర్.ఎన్.ఎ. దీనికి కారణం కాగలదని ఆండ్రూ ఫైర్, క్రెయిగ్ మెల్లో 1998లో ఒక చిన్న నులిపురుగులో చూపారు. వారికి 2006లో నోబెల్ బహుమతి లభించింది.

మన కణాలలో ఈ కోత పని ప్రధానంగా 'ఆర్గోనాట్-2' అనే ప్రోటీనుది. అది ఒక చిన్న ఆర్.ఎన్.ఎ. ముక్కను పట్టుకొని, దానికి జతపడే నకలును వెదికి కోస్తుంది.

2. ప్రతిదేహంతో పట్టుకోవడం

కణంలో వేలాది రకాల ప్రోటీన్లుంటాయి. వాటిలో ఆర్గోనాట్-2ను వేరుచేయడానికి, దానిని గుర్తించే ప్రతిదేహాన్ని సన్నని పూసలకు అతికిస్తారు. కణాలను పగులగొట్టిన ద్రవంలో ఈ పూసలను కలుపుతారు. పూసలను పైకి తీసి కడిగితే ఆర్గోనాట్-2, దానితోపాటు అది పట్టుకొన్న ఆర్.ఎన్.ఎ.లు కూడా వస్తాయి. ఏయే నకళ్లు నిశ్శబ్దమవుతున్నాయో వాటినిబట్టి అంచనా వేస్తారు.

3. ఒక జాగ్రత్త

మనిషిలో ఆర్గోనాట్ ప్రోటీన్లు నాలుగు. అవి అన్నదమ్ముల్లా ఒకదానినొకటి పోలి ఉంటాయి. ప్రతిదేహం పొరపాటున 1ని పట్టుకొంటే, ఫలితం 2దని రాసుకొనే ప్రమాదం ఉంది. సీసాపై ఉన్న పేరును నమ్మితే చాలదు. ఆర్గోనాట్-2 జన్యువును తొలగించిన కణాలపై కూడా అదే ప్రతిదేహాన్ని పరీక్షించాలి. అక్కడ ఏమీ పట్టుబడకూడదు. దీనినే నియంత్రణ పరీక్ష అంటారు.

ఇంత పట్టింపు ఎందుకు? నకలును కోసే పద్ధతిపై పనిచేసే 'పాటిసిరాన్' అనే మందుకు 2018లో అమెరికాలో అనుమతి లభించింది. వంశపారంపర్యంగా వచ్చే ఒక నరాల వ్యాధికి దానిని వాడతారు. ఇటువంటి మందులకు పునాది ప్రయోగశాల ఫలితాలే. పునాదిలో తప్పుంటే నష్టపోయేది రోగి.

మిమ్మల్ని మీరు పరీక్షించుకోండి

1. నకలును కోసినప్పుడు జన్యువు నశిస్తుందా?
2. ఆర్గోనాట్-2 లేని కణాలలో కూడా ప్రతిదేహం ఏదో ప్రోటీనును పట్టుకొంది. దీని అర్థమేమిటి?

జవాబులు : 1. నశించదు. దాని నకలు మాత్రమే నశిస్తుంది. 2. ఆ ప్రతిదేహం వేరే ప్రోటీనును కూడా పట్టుకొంటోంది. దానితో వచ్చిన ఫలితాన్ని నమ్మరాదు.