ఇంటి ఆకుకు ఖరీదు లేదా?

*ఆన్‌లైన్ ఆటలో పోషన్లు కలిపి సీసాకు మూడు వేలు మిగిల్చానంటాడు ఆటగాడు. వేరుశనగ పెట్టుబడి లెక్కలతో చూస్తే అందులో నిజంగా మిగిలేదెంత?*

రానార్ ఆకు ఒకటి, నీళ్ల సీసా ఒకటి, స్నేప్ గడ్డి ఒకటి. మూడూ కలిపితే ప్రేయర్ పోషన్. ‘ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్’ ఆటలో హెర్బ్‌లోర్ విద్య 38వ లెవెల్‌కి చేరినవాళ్లు ఎవరైనా దీన్ని తయారుచేయొచ్చు. పెద్ద రాక్షసులతో తలపడేటప్పుడు ఆటగాడు రక్షణ ప్రార్థన వేసుకుంటాడు. అది నడిచినంతసేపూ ప్రేయర్ పాయింట్లు కరిగిపోతుంటాయి. గుక్కెడు పోషన్ తాగితే మళ్లీ పెరుగుతాయి. కాబట్టి ఈ సరుకుకు గిరాకీ తగ్గడమన్నది లేదు.

“ఆటల్లో మందులూ పానీయాలూ చేసి అమ్మి లాభాలు లెక్కేసుకుంటున్నారట. శుక్రవారానికల్లా పేజీలు వెళ్లిపోవాలి,” అన్నారు ఎడిటర్ గారు. నాలుగైదు ఆటలు చుట్టి రావాలనే మొదలుపెట్టాను గానీ, ఈ ఒక్క సీసా దగ్గరే కాలం, కాగితం రెండూ అయిపోయాయి. తక్కినవి పక్క బాక్సుల్లో సర్దాను.

నాకు ఆటలమీద భక్తి లేదు, లెక్కలమీద ఉంది. అందులోనూ ‘గంటకు ఇంత లాభం’ అని చెప్పే పట్టికలంటే అనుమానం. మాది ముదిగుబ్బ. ‘ఎకరాకు ఇంత మిగులుతుంది’ అన్న మాట విని వేరుశనగ వేసిన ఇళ్ల మధ్య పెరిగినవాళ్లకు ఆ అనుమానం ఒకరు నేర్పక్కర్లేదు.

సీసా లెక్క

ఆటలో ధరలు గంటగంటకూ మారతాయి. అందుకని గుండ్రటి అంకెలు నేనే ఊహించి పెట్టుకుంటున్నాను. రానార్ ఆకు 6,000 నాణేలు, స్నేప్ గడ్డి 200, నీళ్ల సీసా 10. పెట్టుబడి 6,210.

తయారైన సీసాలో మూడు డోసులుంటాయి. కొనేవాళ్లు మాత్రం నాలుగు డోసుల సీసాలే అడుగుతారు. ఆటగాడి సంచీలో ఉండేది 28 గళ్లు, ఒక్కో గడిలో ఎంత ఎక్కువ పడితే అంత మేలు. మార్కెట్ యార్డు లాంటి గ్రాండ్ ఎక్స్ఛేంజ్ దగ్గర బాబ్ బార్టర్ అని ఒక పాత్ర నిలబడి ఉంటాడు. మూడు డోసుల సీసాలు ఎన్నిచ్చినా పైసా తీసుకోకుండా నాలుగు డోసులవిగా మార్చి ఇస్తాడు. కమీషన్ అడగని మధ్యవర్తిని నేను చూసింది అక్కడే.

నాలుగు డోసుల సీసా 9,000 పలికిందనుకుందాం. అంటే డోసు 2,250, మూడు డోసులు 6,750. అమ్మకంమీద పన్ను 2 శాతం, అంటే 135. చేతికొచ్చేది 6,615. పెట్టుబడి తీసేస్తే సీసాకు మిగిలేది 405. వెయ్యి సీసాలు చేస్తే 4,05,000. ఇక్కడిదాకా పేచీ లేదు.

ఈ పన్ను 2021 డిసెంబరులో 1 శాతంతో మొదలై 2025 మే నెలాఖరులో 2 శాతమైంది. ఒక్క శాతమే కదా అనిపిస్తుంది. పాత రేటులో పన్ను 67 లేదా 68 నాణేలు. మిగులు 472 దాకా ఉండేది, ఇప్పుడు 405. ఒక్క శాతం పన్ను పెరిగితే లాభంలో ఏడో వంతు పోయింది. మార్జిన్ పలచగా ఉన్న వ్యాపారంలో పన్ను కొట్టే దెబ్బ అమ్మకపు ధరమీద కనబడదు, మిగులుమీద కనబడుతుంది.

మెడలో రసాయన తాయెత్తు వేసుకుని కలిపేవాళ్లకు ఇంకో చిన్న ఆదాయముంది. నూటికి ఐదు సార్లు మూడుకు బదులు నాలుగు డోసులు వస్తాయి. ఒక తాయెత్తు ఐదు అదనపు డోసులిచ్చి పొడి అయిపోతుంది. పన్ను పోగా ఐదు డోసుల విలువ 11,025. అంతకన్నా తక్కువకు తాయెత్తు దొరికితే కొనొచ్చు. చాలామంది దీన్ని ‘అదృష్టం’ పద్దులో వేసి మరచిపోతారు. తాయెత్తు ఖరీదు తీయకముందు సీసాకు సగటున 110 నాణేలు. మిగులే 405 అయినప్పుడు అది చిన్న అంకేమీ కాదు.

అసలు తగాదా

ఇప్పుడు రెండో ఆటగాడు వస్తాడు. ఇతను ఆకు కొనడు, పండిస్తాడు. ఆటలో వ్యవసాయం కూడా ఉంది. రానార్ విత్తనం నాటడానికి 32వ లెవెల్ కావాలి. మడిలో నాటితే 80 నిమిషాలకు కోతకొస్తుంది. ఎరువు వేయకపోతే కనీసం మూడు ఆకులు ఖాయం. కాంపోస్ట్‌కు నాలుగు, సూపర్ కాంపోస్ట్‌కు ఐదు, అల్ట్రా కాంపోస్ట్‌కు ఆరు. ఆ పైన వచ్చేది అదృష్టం. తెగులు సోకి మడి మొత్తం చచ్చిపోవడమూ ఉంది. ట్రోల్ కోట దగ్గరా వైస్‌లోనూ ఉన్న మడులకు మాత్రం తెగులే రాదు. అలాంటి చేను మా మండలంలో ఉంటే ఎకరం ఎంత చెప్పినా బేరమాడేవాళ్లు ఉండరు.

విత్తనం 24,000, ఎరువు 1,000 అనుకుందాం. ఎనిమిది ఆకులొచ్చాయి. ఆకు పడిన ధర 3,125. దాన్ని పోషన్ చేసి మన రెండో ఆటగాడు లెక్క రాసుకుంటాడు: రాబడి 6,615, ఖర్చు 3,125, పైన 210, మిగులు 3,280. “పోషన్లలో సీసాకు మూడు వేలు!” అని చెప్పుకుంటాడు.

ఈ 3,280 అబద్ధం కాదు. పోషన్‌ది మాత్రం కాదు.

అదే ఆకును ఉన్నదున్నట్టు మార్కెట్లో అమ్మేస్తే పన్ను పోగా 5,880 వచ్చేది. అంటే 3,280లో 2,755 మడి సంపాదన. కలపడంవల్ల వచ్చింది 525 మాత్రమే. ఒకే పద్దులో రెండు వ్యాపారాలు కలిసిపోయాయి. మడి పద్దులోనూ ఇంకో కంత ఉంది. పదింట ఒక మడి తెగులుకు పోతుందనుకుంటే, పోయిన విత్తనం ఖర్చు బతికినవాటిమీద పడి ఆకు ధర 3,472 అవుతుంది. చచ్చిన మడిని ఎవరూ పట్టికలో రాసుకోరు.

ఊళ్లో మా చిన్నాయన్ను అడిగాను, వేరుశనగ పెట్టుబడి రాసేటప్పుడు విత్తనకాయలకు ఎంత వేస్తావని.

“కొంటే వేస్తా. పోయినేడు కాయ ఇంట్లోనే పెట్టినాం గదప్పా, దానికేం లెక్క?”

“అమ్మింటే డబ్బు వచ్చేది గదా చిన్నాయనా?”

“అమ్మలేదు గదా!”

తర్కం ఇద్దరిదీ ఒకటే. ఆటగాడికి ఆకు ఊరికే వచ్చింది, చిన్నాయనకు కాయ ఊరికే వచ్చింది. కదిరి పరిశోధన కేంద్రం కె-6 నుంచి కదిరి లేపాక్షి దాకా ఎన్ని రకాలిచ్చినా, ఏడాదికేడాది విత్తనం ఇంట్లో దాచుకునే అలవాటు మా వైపు పోలేదు. పంట పద్దులో ఆ దాచిన కాయ సున్నాగానే ఉండిపోతోంది.

ఈ తగాదాను తేల్చే కాగితం ఒకటుంది. ఆటల కంపెనీలది కాదు, కేంద్ర ప్రభుత్వానిది. పంటలకు మద్దతు ధర సిఫార్సు చేసే వ్యవసాయ వ్యయాలు, ధరల కమిషన్ వాడే సాగు ఖర్చు నిర్వచనం. ఈ కథనం కోసం చదివినవాటిలో నాకు బాగా నచ్చింది ఇదే. విత్తనం కొన్నదైనా ఇంటిదైనా విలువ కట్టాలంటుంది. పశువుల ఎరువు సొంతదైనా ఖరీదు వేయాలంటుంది. వీటితోపాటు బయటికి కనబడే ఖర్చులన్నీ ఎ2. దానికి ఇంటిల్లిపాది చాకిరీకి కూలి కట్టి కలిపితే ఎ2+ఎఫ్ఎల్. సొంత భూమికి కౌలు, సొంత పెట్టుబడికి వడ్డీ కూడా కలిపితే సి2. ఒకే చేను మీద మూడు ఖర్చులు. ఏ ఖర్చుమీద లాభం చెబుతున్నావన్నదే రైతు సంఘాలకూ ప్రభుత్వానికీ మధ్య ఏళ్ల తరబడి నలుగుతున్న గొడవ.

2025–26 ఖరీఫ్ వేరుశనగకు కేంద్రం చెప్పిన సాగు ఖర్చు క్వింటాలుకు 4,842 రూపాయలు, మద్దతు ధర 7,263. సరిగ్గా ఒకటిన్నర రెట్లు. అందులో వాడింది ఎ2+ఎఫ్ఎల్. సి2 మీద లెక్కగట్టమని రైతు సంఘాలు అడుగుతున్నాయి. ఆ ధర ప్రకటించిందీ, ఆటలో పన్ను పెంచిందీ ఒకే మే నెలాఖరు కావడం కాకతాళీయం. రెండింటినీ చదివి ఒకే కాగితంమీద లెక్కలు వేసుకున్నవాణ్ని బహుశా నేనొక్కణ్నే.

పోషన్ పట్టికకు ఈ మూడు గీతలూ పెడితే చాలావరకు తేలిపోతుంది. పండించిన ఆకుకు మార్కెట్ ధర కట్టాలి. మడుల చుట్టూ తిరిగిన సమయానికీ, సీసాలు కలిపిన సమయానికీ కూలి కట్టాలి. సంచీలో పట్టేది ఆకు ముందే వేసిన 14 సీసాలు, 14 గడ్డి కట్టలు. ఒక్కో సీసాకు 1.2 సెకన్లు, అంటే ఒక విడతకు 17 సెకన్లు. అవి అయిపోగానే బ్యాంకుకెళ్లి మళ్లీ నింపుకోవాలి. ఇక హెర్బ్‌లోర్ విద్య నెలనెలా రుసుము కట్టే సభ్యులకే దక్కుతుంది. ఆ రుసుము దీని కౌలు. దాన్ని రాసుకున్న పట్టిక నాకైతే కనబడలేదు.

మిగులు ఎందుకింత పలచన?

పోషన్ కలిపేవాళ్లలో చాలామంది డబ్బు కోసం రావడంలేదు. ఒక్కో ప్రేయర్ పోషన్‌కు 87.5 అనుభవ పాయింట్లొస్తాయి. 99వ లెవెల్‌కు కావలసింది 1,30,34,431. 38వ లెవెల్ నుంచీ ఈ ఒక్క సీసాతోనే ఎక్కాలనుకుంటే సుమారు 1,49,000 సీసాలు కలపాలి. లెవెల్ కోసం కలిపేవాడికి సీసాకు వంద నాణేలు నష్టమొచ్చినా బాధలేదు, దాన్ని చదువు ఫీజుగా భావిస్తాడు. చేసిన సరుకు మాత్రం మార్కెట్లోకే తెచ్చి పోస్తాడు. వాడి పక్కన నిలబడి లాభానికి అమ్మాలి మన ఆటగాడు. అందుకే ఈ ఆటలో చాలా పోషన్లు దినుసుల ఖరీదుకన్నా తక్కువకు అమ్ముడవుతుంటాయి. ‘ఇంత తక్కువకు ఎవడమ్ముతాడు?’ అని ఆశ్చర్యపోయేవాళ్లు అమ్మేవాడికి ఇంకేం దక్కుతోందో చూడరు.

పట్టికలో కనబడే లాభం వెయ్యి సీసాలకు నిలబడుతుందన్న హామీ కూడా లేదు. ప్రతి వస్తువుకూ నాలుగు గంటలకు ఇంతే కొనాలన్న పరిమితి ఉంది. పట్టిక చూసినవాళ్లందరూ ఒకేసారి ఆకు కొనబోతే ఆకు ధర లేస్తుంది, సీసా ధర పడుతుంది.

చరిత్ర గబగబా: 1997లో అల్టిమా ఆన్‌లైన్‌లోనే రసవాదం నేర్చి పోషన్లు కాచారు. 2001లో రూన్‌స్కేప్ మొదలైంది. అదే ఏడు ఎడ్వర్డ్ కాస్ట్రనోవా అనే ఆర్థికవేత్త ఎవర్‌క్వెస్ట్ ఆటలోని లోకానికి తలసరి ఉత్పత్తి లెక్కగట్టి, అది రష్యా, బల్గేరియాల మధ్య ఉందన్నాడు. 2004లో వచ్చిన వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్ వేలంశాల అమ్మకంమీద 5 శాతం తీసుకుంది. 2007లో ఈవ్ ఆన్‌లైన్ నడిపే ఐస్‌లాండ్ కంపెనీ ఏకంగా ఆర్థికవేత్తనే కొలువులో పెట్టుకుంది, అదే ఏడు నవంబరులో రూన్‌స్కేప్‌కు గ్రాండ్ ఎక్స్ఛేంజ్ వచ్చింది. 2013లో ‘ఓల్డ్ స్కూల్’ వేరే ఆటగా మొదలైంది, 2018 అక్టోబరులో ఫోన్లలోకి దిగింది. కంప్యూటర్ లేని ఊళ్లకు ఈ లెక్కలు చేరడానికి దారి పడింది అక్కడే.

బాక్స్: బీరు, పన్ను

బ్లాక్ డెసర్ట్ ఆటలో పనివాళ్లు అలసిపోతే బీరు పోయాలి. ధాన్యం 5, మినరల్ వాటర్ 6, చక్కెర 1, పులియబెట్టే దినుసు 2. అక్కడ మార్కెట్ కోత 35 శాతం. వందకు అమ్మితే 65 చేతికొస్తుంది. వాల్యూ ప్యాక్ కొన్నవాళ్లకు ఆ 65మీద ఇంకో 30 శాతం కలిపి 84.5 ఇస్తారు. ఇంత కోత ఉన్నచోట అమ్మడంకన్నా సొంత పనివాళ్లకు పోసుకోవడమే చాలాసార్లు తెలివైన పని. అల్బియన్ ఆన్‌లైన్‌లో పద్ధతి వేరు. నగరంలో తయారుచేస్తే దినుసుల్లో సగటున 15.2 శాతం వెనక్కి వస్తాయి. వాటిని మళ్లీ వాడొచ్చు కాబట్టి వంద సీసాల దినుసులతో దాదాపు 118 చేయొచ్చు. ‘వెనక్కొచ్చినవి ఊరికే వచ్చినవి’ అని పక్కన పెట్టేవాళ్లు ఇక్కడా ఉంటారు.

బాక్స్: రూపాయల మాటేమిటి?

ఆటలోని నాణేలను అసలు డబ్బుకు అమ్మడం రూన్‌స్కేప్ నిబంధనలకు విరుద్ధం, ఖాతా పోతుంది. వెనిజులాలో డబ్బు విలువ కుప్పకూలిన రోజుల్లో అక్కడివాళ్లు ఇదే ఆటలో పచ్చ డ్రాగన్లను చంపి, వచ్చిన నాణేలు అమ్ముకుని సంసారాలు నడిపారని 2017లో వార్తలొచ్చాయి. మన దగ్గర 2025 ఆగస్టు 22న రాష్ట్రపతి ఆమోదం పొందిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం పందెం ఆటలను నిషేధించింది. పందెం లేకుండా రుసుము మాత్రమే తీసుకునే ఆటలను వేరుగా ఉంచింది. పోషన్లు కలుపుకోవచ్చు, లాభాన్ని ఆటలోనే ఖర్చుపెట్టుకోవాలి.

ఎప్పుడు కలపాలి, ఎప్పుడు అమ్మాలి

మళ్లీ మన రెండో ఆటగాడి దగ్గరికి. సీసా 9,000 దగ్గరే ఉండి, రానార్ ఒక్కటే 6,600కు లేచిందనుకోండి. ఆకు అమ్మితే పన్ను పోగా 6,468. పోషన్ చేస్తే గడ్డి, నీళ్లు పోగా 6,405. ప్రతి సీసాకూ 63 నాణేలు పోతున్నాయి. అతని పట్టికలో మాత్రం అదే 3,280 మెరుస్తూ ఉంటుంది, ఎందుకంటే ఆకుకు అతను రాసుకున్నది 3,125.

ఆకు కొనేవాడికి గీత 6,405 దగ్గర పడుతుంది. అది దాటితే కలపకూడదు. పండించేవాడికి 6,535 దాకా ఫరవాలేదు, ఆకుగా అమ్మితే పడే పన్ను తప్పుతుంది కాబట్టి. ఆ 130 నాణేల సందులో ఒకరికి నష్టమైన పోషన్ ఇంకొకరికి లాభం. ఇంట్లో ఆకు ఉండటంవల్ల దక్కే అసలు మేలు అదే. చిన్నాయనకు ఈ భాగం చదివి వినిపిస్తే విత్తనకాయల సంగతి వదిలేసి, అమ్మకంమీద పన్ను రెండు శాతమేనా అని అడిగాడు.