పుచ్చుకొనునపుడొక రాయి, ఇచ్చునపుడొక రాయి

కొనునపుడు బరువురాయియు, అమ్మునపుడు తేలికరాయియు పెట్టు వర్తకుని సంతలో ఎవరును నమ్మరు. అట్టి రెండు రాళ్లు ప్రభుత్వమువారి సుంకపు కచేరీలోనే యున్నవని చెప్పవలసివచ్చినందులకు మేము చింతించుచున్నాము.

1878 నాటి సముద్ర సుంకముల చట్టము పరప్రభుత్వమువారిది. పొరపాటున హెచ్చుగా చెల్లించిన సుంకమును తిరిగి కోరుటకు అది మూడు నెలలు మాత్రమే గడువిచ్చెను. స్వరాజ్యము వచ్చిన పిదప 1962లో మన పార్లమెంటు కస్టమ్సు చట్టము చేసినది. అందలి 27వ సెక్షను ప్రకారము నేటి గడువు ఒక సంవత్సరము. ఇది కొంత మేలే. కాని ప్రభుత్వమునకు రావలసిన సుంకము తగ్గినచో, దానిని అడుగుటకు వారికి రెండు సంవత్సరములు గడువు కలదు. మోసముగాని దాపరికముగాని జరిగినదన్నచో అయిదు సంవత్సరములు. ఆలస్యమునకు పౌరుడు నూటికి సాలుకు 15 రూపాయల వడ్డీ ఇచ్చుకొనవలెను. ప్రభుత్వమువారు ఆలస్యము చేసినచో ఇచ్చునది నూటికి 6 రూపాయలు. అదియు అర్జీ చేరి మూడు నెలలు గడచిన తరువాతనే. పల్లెలోని షావుకారు ఇట్టి పత్రము వ్రాయించుకొనినచో మనమేమందుము?

ఇక జుల్మానా సంగతి. జప్తుచేసిన సరకును జుల్మానా చెల్లించి విడిపించుకొనుమని అధికారి ఆజ్ఞాపింపవచ్చును. సరకు అంగడివెలలో సుంకము పోగా మిగిలినదానిని జుల్మానా మించరాదని 125వ సెక్షను చెప్పుచున్నది. అయినను రేవులో సరకు నిలిచిన కొలది డెమరేజి పెరుగును. అందుచే విశాఖపట్టణపు వర్తకుడు ముందు చెల్లించి, తరువాత విచారించును. గల్ఫు దేశములనుండి వచ్చి శంషాబాదులో దిగిన కూలివాడును ఇల్లు చేరు తొందరలో అట్లే చేయును. అరువది దినములలో అప్పీలు చేసి జుల్మానా తగ్గించుకొనినను, సొమ్ము దానంతటది ఇంటికి రాదు. గెలిచినవాడే మరల అర్జీ పట్టుకొని తిరుగవలెను. సుంకమైనచో, తీర్పు వచ్చిన సంవత్సరములోగా అడుగనియెడల హక్కే పోవును.

ప్రభుత్వపక్షమున ఒక న్యాయము లేకపోలేదు. సుంకమును సరకు వెలలో కలిపి కొనుగోలుదారునిచే కట్టించిన వర్తకుడు, దానిని ఖజానానుండి మరల పొందుట రెండు లాభములు తినుటయే. 1996లో మఫత్‌లాల్ వ్యాజ్యమున తొమ్మండుగురు న్యాయమూర్తుల సుప్రీంకోర్టు ధర్మాసనము ఇందుకు అడ్డుకట్ట వేసెను. దీనిని మేము కాదనము. కాని స్వంత వాడుకకు వస్తువు తెచ్చుకొనినవాడు ఎవరి నెత్తిన వేయును? చట్టమే అతనికి ఈ నిబంధననుండి మినహాయింపు ఇచ్చినది.

మేము కోరునది దయ కాదు. చట్టాధికారము లేక ఏ పన్నును వసూలు చేయరాదని రాజ్యాంగము 265వ అధికరణము శాసించుచున్నది. కావున ఇరుపక్షములకు గడువొకటే, వడ్డీ యొకటే కావలెను. హెచ్చని అప్పీలులో తేలిన సొమ్మును అర్జీ లేకయే కచేరీవారు పంపవలెను.

అంతవరకు పాఠకులు జాగ్రత్త వహింతురుగాక. సుంకము హెచ్చని తోచినచో, అభ్యంతరముతో చెల్లించుచున్నామని వ్రాసి చెల్లించినవారికి సంవత్సరపు గడువు అడ్డురాదు. కాని మదింపును అప్పీలు మూలముననో, చట్టములోని వేరొక మార్గముననో మార్పించుకొననిదే వాపసు లేదని 2019లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పినందున, అప్పీలు మానరాదు. రసీదు భద్రపరచుకొనవలెను.

ఖజానా నేడు మనది. దాని త్రాసు సరిగానున్నదో లేదో చూచుకొను బాధ్యతయు మనదే.