పూరక కోణములు: మన ఆవరణలోని నీడ

జ్యామితి పరీక్షపత్రములు దిద్దునప్పుడు మాకు ఏటేట కనబడు తప్పు ఒకటి కలదు. "110° కోణమునకు పూరకకోణ మెంత?" అని అడిగినచో కొందరు 70° అని వ్రాయుదురు. మరికొందరు తీసివేత చేసి ఋణము 20° అని వ్రాయుదురు. అట్టి కోణము లేదని వ్రాయువారు తరగతికి నలుగురైదుగురు మాత్రమే. లెక్క రాక చేసిన తప్పు కాదిది. మాటకు అర్థము తెలియకుండ సంఖ్యను మాత్రము కంఠస్థము చేయుటవలన వచ్చిన తప్పు.

ఇందు విద్యార్థులనే నిందించుట న్యాయము కాదు. చాల యేండ్ల క్రిందట ఒక బాలిక పుటలో ఒక మూలను 35° కోణమును, వేరొక మూలను 55° కోణమును గీచి, ఇవి పూరకకోణములని వ్రాసెను. పాఠ్యపుస్తకములోని పటమున రెండు కోణములును ఒకే శీర్షమువద్ద అంటుకొని యుండుటచేత, మేము తొందరపాటున దానిని తప్పని కొట్టివేసితిమి. మరునాడు ఆమె పుస్తకము తెచ్చి, "అయ్యగారూ, రెండును కలిపిన తొంబది కాదా?" అని అడిగెను. అవును, తొంబదియే. మేము సిగ్గుపడి మార్కు వేసితిమి. నాటినుండి ఈ పాఠమును పటముతో గాక నిచ్చెనతో ప్రారంభించుచున్నాము.

ముందుగా కోణముల పేర్లు. గడియారములో మూడు గంటలైనప్పుడు ముండ్ల నడుమ నుండునది లంబకోణము, 90°. దీనిని సమకోణమని కూడ అందురు. దానికి తక్కువైనది లఘుకోణము. రెండు గంటలప్పటి 60° అట్టిది. 90°కి మించి 180°కి లోబడినది గురుకోణము. ఐదు గంటలప్పటి 150° అట్టిది. ఆరు గంటలకు ముండ్లు రెండును ఒకే సరళరేఖలో నుండును గనుక అది సరళకోణము, 180°. రెండు కోణముల మొత్తము 90° అయినచో అవి పూరకములు, 180° అయినచో సంపూరకములు. పైన చెప్పిన 70° సంపూరకమే గాని పూరకము గాదు. గురుకోణ మొక్కటే 90°ని దాటిపోయినది. దానిని పూరించుట కింకేమి మిగిలియున్నది?

ఇక నిచ్చెన. దానిని గోడకు ఆనించినప్పుడు నేలతో 75° చేసినచో, గోడతో 15° చేయును. కాలిప్రక్క కొంచెము జరిగి నేలకోణము 60° అయినచో, గోడకోణము 30° అగును. త్రిభుజములోని మూడు కోణముల మొత్తము 180°. గోడకును నేలకును నడుమ 90° స్థిరముగా నున్నది. కావున తక్కిన రెండును మిగిలిన 90°ని పంచుకొనవలసినదే. ఒకటి నేలవద్దను, ఒకటి పైనను ఉన్నవి. అంటుకొనియుండుట అవసరము కాదని ఇచ్చటనే తేటపడును.

పై తరగతులవారికి ఒక మాట. మన ప్రాచీన గణితజ్ఞులు 90°లో ఒక కోణము పోగా మిగిలినదానిని కోటి యనియు, ఆ కోటియొక్క జ్యాను కోటిజ్యా యనియు పిలిచిరి. ఐరోపాలో 1620లో ఎడ్మండ్ గంటర్ అను నాతడు ఇట్లే పూరకముయొక్క సైన్ అను అర్థమున ఒక పేరు పెట్టెను. నేటి కొసైన్ అదియే. 35° యొక్క సైన్ 55° యొక్క కొసైన్‌కు సమానమగుట వింత కాదు. ఆ పేరులోనే అది యున్నది.

ఇప్పుడు మన ఆవరణకు రండి. మార్చి 20 లేక 21న, సెప్టెంబరు 22 లేక 23న సూర్యుడు భూమధ్యరేఖకు సరిగా పైన నుండును. కరీంనగరు ఆ రేఖకు ఉత్తరముగా సుమారు 18°26′ దూరమున నున్నది. కావున ఆనాటి మధ్యాహ్నము సూర్యుడు మన నడినెత్తికి అంతే కోణము దక్షిణముగా కనబడును. నిటారుగా నాటిన కఱ్ఱ, దాని నీడ, నీడకొసను తాకు కిరణము కలసి లంబకోణ త్రిభుజ మగును. కఱ్ఱపైకొనవద్ద కోణము 18°26′, నేలవద్ద దాని పూరకము 71°34′. ఆదిలాబాదులో అక్షాంశము సుమారు 19°40′ గనుక నేలకోణము 70°20′ మాత్రమే.

నీడ కొలిచినచో కరీంనగరువారికొక చక్కని సంగతి తెలియును. 90 సెంటీమీటర్ల కఱ్ఱకు నీడ ఇంచుమించు సరిగా 30 సెంటీమీటర్లు, అనగా మూడవ వంతు, వచ్చును. ఆదిలాబాదులో అదే కఱ్ఱకు 32 సెంటీమీటర్లకు కొంచెము పైగా వచ్చును. ఈ రెండు సెంటీమీటర్ల భేదమే 1°14′. భూమిపై ఒక డిగ్రీకి సుమారు 111 కిలోమీటర్ల చొప్పున దక్షిణోత్తరముగా 137 కిలోమీటర్లు. ఎరటోస్తనీసు అను గ్రీకు పండితుడు రెండు పట్టణముల నీడల భేదమునుండియే భూమి చుట్టుకొలతను లెక్కించెను.

కొలుచునప్పుడు జాగ్రత్త వలయును. కఱ్ఱ నిటారుగా నున్నదో లేదో, దారమునకు రాయి కట్టి వ్రేలాడదీసి చూచుకొనుడు. గడియారములో పండ్రెండు కొట్టగానే కొలువరాదు. మన ప్రాంతమున నడిమధ్యాహ్నము మార్చిలో పండ్రెండు దాటిన యిరువది నిమిషములకు, సెప్టెంబరులో ఆరేడు నిమిషములకు వచ్చును. నీడ మిక్కిలి పొట్టియైనప్పటిదే లెక్క. నీడకొస మసకగా నుండును. ఆ మసక నడుమ గుర్తు పెట్టుడు.

ఆ రాత్రియే ఉత్తరమున ధ్రువనక్షత్రమును చూడుడు. కరీంనగరులో అది క్షితిజమునకు పైన సుమారు పదునెనిమిదిన్నర డిగ్రీలలో నుండును. పగటి సూర్యుని ఎత్తు 71½°, రాత్రి నక్షత్రపు ఎత్తు 18½°. ఒకటి దక్షిణాకాశమున, వేరొకటి ఉత్తరాకాశమున. ఆ బాలిక పుటలోని రెండు మూలలవలె దూరదూరముగా నున్నను ఇవి పూరకములే. మే నెల నడుమను, జూలై చివరను ఒక్కొక్కనాడు సూర్యుడు కరీంనగరువారి నడినెత్తిపై నుండును. ఆనాడు నేలకోణము 90°, పూరకము సున్న, కఱ్ఱకు నీడయే యుండదు. జూలైలో మబ్బు పట్టవచ్చును గనుక మే నెలలోనే చూచుట మేలు.