ఫ్లోరెస్ ద్వీపపు పెద్దకొంగ

నల్లగొండ, మహబూబునగరు జిల్లాల చెరువులలో నీరు తగ్గిన దినములలో నత్తగుల్ల కొంగలు బురదలో ముక్కు గ్రుచ్చి నత్తలను వెదకుచుండును. వాని ఎత్తు రెండున్నర అడుగులకు మించదు. ఆ కుటుంబమునకే చెందిన ఒక పక్షి సుమారు ఆరడుగుల ఎత్తున, 16 కిలోల బరువున ఒకప్పుడు భూమిపై సంచరించినది. శాస్త్రజ్ఞులు దానికి లెప్టాప్టిలస్ రోబస్టస్ అని పేరిడిరి.

ఇండోనేషియా దేశమున ఫ్లోరెస్ అను ద్వీపము కలదు. అచ్చటి లియాంగ్ బువా అను సున్నపురాతి గుహలో 2003లో మూడున్నర అడుగుల పొడవు గల ఒక ప్రాచీన మానవజాతి అస్థులు బయల్పడి లోకమును ఆశ్చర్యపరచినవి. ఆ గుహ మట్టిలోనే ఈ కొంగ ఎముకలును దొరకినవి. 2010లో హన్నెకె మైజర్, రోకస్ డ్యూ అను శాస్త్రజ్ఞులు వానిని పరిశీలించి, ఇది నూతన జాతి యని ప్రకటించిరి. ఆ ఎముకలు 60,000 సంవత్సరములకు పూర్వపువి.

చచ్చిన పక్షి బరువు ఎట్లు తెలిసినదని సందేహము కలుగవచ్చును. దేహభారమును మోయునది కాలి ఎముక. దాని చుట్టుకొలతను కొలిచి, నేడు బ్రతికియున్న పక్షుల ఎముకలతో పోల్చి బరువును లెక్కగట్టుదురు. ఈ కొంగ కాలి ఎముక గోడలు మిక్కిలి దళసరిగా నుండెను. కావున ఇది ఎగురుట మాని నేలపైననే తిరిగియుండునని ఆనాడు తలచిరి. ఊహ చక్కనిదే, కాని రెక్కల ఎముకలు అప్పటికి పరిశీలనకు రాలేదు. 2022లో అవి పరిశీలింపబడగా, ఎగురుటకు తగియే యున్నవి! తొలి ఊహను సవరించిన వారిలో మైజరే ముఖ్యురాలు. ఆ ద్వీపమున స్టెగోడాన్ అను ఏనుగు వంటి జంతువు లుండెను. వాని కళేబరములపై రాబందులతోపాటు ఈ కొంగలును వాలియుండవచ్చునని వారి అభిప్రాయము.

మన హిమాలయ పాదమున శివాలిక్ కొండలలోను ఇట్టి మహాకాయముగల మరియొక కొంగజాతి శిలాజములు దొరకినవి. మన రెండు జిల్లాల గుట్టలలో నట్టివి ఏల దొరకవు? ఈ గుట్టలలో పెక్కులు నల్లరాయి, చలువరాయి జాతులు కావు, పక్షులు పుట్టుటకు ఎన్నో కోట్ల యేండ్లకు ముందే భూగర్భమున కరిగి చల్లారిన గ్రానైటు శిలలు. ఎముక నిలుచుటకు ఒండ్రుమట్టియో, గుహలోని మన్నో కావలెను. కృష్ణకు దక్షిణమున నంద్యాల జిల్లాలో బేతంచెర్ల వద్దనున్న బిల్లసర్గం గుహలు సున్నపురాతివి. 1880 ప్రాంతపు దశాబ్దిలో రాబర్టు బ్రూస్ ఫూట్, ఆయన కుమారుడు వానిని త్రవ్వగా, నేడు దక్షిణాపథమున కానరాని ఖడ్గమృగపు ఎముకలు సైతము ఆ మట్టిలో లభించినవి.