మీకు తెలుసా? నలభై దాటాక తొలి టెస్ట్!

గుంటూరు ఎమ్మెస్కే ప్రసాద్ టెస్ట్ జట్టులోకి వచ్చింది 1999లో. అంతకు 63 ఏళ్ల ముందే, మన జిల్లాలు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న రోజుల్లో, చెన్నపట్నం తెలుగువాడు కోటా రామస్వామి టెస్ట్ ఆడాడు. మద్రాసు క్రికెట్‌కు పునాది వేసిన బుచ్చిబాబు నాయుడి కొడుకాయన. 1922లోనే డేవిస్ కప్‌లో మన దేశం తరఫున టెన్నిస్ ఆడేశాడు! 1936లో మాంచెస్టర్‌లో తొలి టెస్ట్ నాటికి వయసు నలభై దాటింది. అయినా ఈ ఎడమచేతి బ్యాటర్ 40, 60 కొట్టాడు. తర్వాత ఓవల్‌లో 29, 41 నాటౌట్. సగటు 56.66. ఎంత గొప్ప లెక్క! కానీ ఆపై పదేళ్లు భారత్ టెస్టే ఆడలేదు. 1985 అక్టోబరులో, 89 ఏళ్ల వయసులో ఇంట్లోంచి బయటికెళ్లిన రామస్వామి మళ్లీ ఎవరికీ కనిపించలేదు.