ఆండ్రోమెడా మనను ఢీకొంటుందా?

విశ్వం వ్యాకోచిస్తున్నదనీ, గెలాక్సీలు ఒకదానికొకటి దూరమవుతున్నాయనీ పాఠ్యపుస్తకాల్లో చదువుకుంటాం. అది నిజమే. కాని ఆ నియమానికి లొంగని పెద్ద గెలాక్సీ ఒకటి మన పొరుగునే ఉంది. అది దూరం జరగడం లేదు సరికదా, సెకనుకు సుమారు 110 కిలోమీటర్ల వేగంతో మన పాలపుంత వైపు వస్తున్నది. ఆ వేగంతో హైదరాబాదు నుంచి విజయవాడ చేరడానికి రెండున్నర సెకన్లు చాలు! దాని పేరు ఆండ్రోమెడా.

ఇంత వేగంగా ఎదురొస్తున్నది కాబట్టి ఏనాటికైనా మనను ఢీకొనక తప్పదని ఎవరైనా అనుకుంటారు. 2012 తరువాత వచ్చిన చాలా పుస్తకాల్లో, మరో 400 కోట్ల సంవత్సరాలకు రెండు గెలాక్సీలూ ఢీకొంటాయని నిశ్చయంగా రాశారు కూడా. 2025లో ఆ నిశ్చయం సడలింది. ఢీకొనవచ్చు, కొనకపోనూవచ్చు, రెండింటికీ దాదాపు సమానమైన అవకాశం ఉంది అన్నది ఇప్పటి జవాబు. దూరం తెలుసు, వేగం తెలుసు. అయినా ఈ సందేహం ఎక్కడి నుంచి వచ్చింది?

ముందుగా ఒక మాట. విశ్వ వ్యాకోచం ప్రభావం దూరంతో పాటు పెరుగుతుంది. కోట్ల కాంతి సంవత్సరాల దూరాల్లో అదే నెగ్గుతుంది. పక్కపక్కన ఉన్న గెలాక్సీల మధ్య మాత్రం గురుత్వాకర్షణదే పైచేయి. పాలపుంత, ఆండ్రోమెడా, ట్రయాంగులమ్ అనే మూడో గెలాక్సీ, మరికొన్ని డజన్ల చిన్న గెలాక్సీలు కలిసి ఒక కుటుంబంగా ఉన్నాయి. దీన్ని స్థానిక సముదాయం అంటారు. మన కథంతా ఈ కుటుంబంలోనే జరుగుతుంది.

ఆకాశంలో ఒక పొగమరక

కార్తీక మాసంలో చంద్రుడు లేని రాత్రి, ఎనిమిది గంటల ప్రాంతంలో, ఊరి దీపాలకు దూరంగా వెళ్ళి నడినెత్తిన చూడండి. నాలుగు నక్షత్రాలు పెద్ద చతురస్రంలా కనిపిస్తాయి. మన పూర్వాభాద్ర, ఉత్తరాభాద్రలు ఇవే. దాని ఈశాన్య మూల నుంచి ఈశాన్యంగానే సాగే నక్షత్రాల వరుసను మనవాళ్ళు దేవయాని అన్నారు, పాశ్చాత్యులు ఆండ్రోమెడా అన్నారు. ఆ వరుసలో మిరాక్ అనే ఎర్రని నక్షత్రం దగ్గర ఆగి వాయవ్యానికి తిరిగి, రెండు మసక నక్షత్రాలు దాటితే ఒక పొగమరక లాంటిది కంటపడుతుంది. అదే ఆండ్రోమెడా గెలాక్సీ. మామూలు కంటికి సులభంగా కనిపించే వస్తువుల్లో అన్నిటికన్నా దూరంగా ఉన్నది ఇదే. మన కన్ను చూడగలిగేది దాని నడిమి భాగాన్ని మాత్రమే. మొత్తం గెలాక్సీ కనిపించి ఉంటే, ఆరు పూర్ణచంద్రులను వరసగా పేర్చినంత పొడవు ఉండేది!

పర్షియా ఖగోళవేత్త అల్ సూఫీ క్రీ.శ. 964లోనే దీన్ని చిన్న మేఘంగా నమోదు చేశాడు. అది మేఘం కాదని, నక్షత్రాలతో నిండిన మరో గెలాక్సీ అని రుజువు కావడానికి ఎడ్విన్ హబుల్ రావలసి వచ్చింది. 1923లో మౌంట్ విల్సన్ మీది 100 అంగుళాల టెలిస్కోప్‌తో, వెలుగు ఒక క్రమంలో పెరిగి తరిగే సెఫీడ్ నక్షత్రాన్ని ఆయన అందులో గుర్తించాడు. ఆ నక్షత్రమే దూరాన్ని కొలిచే కర్ర అయింది. ఇప్పటి లెక్క ప్రకారం ఆ దూరం 25 లక్షల కాంతి సంవత్సరాలు. ఈ రాత్రి మీ కంట్లో పడే ఆ వెలుగు బయలుదేరిన నాటికి, ఆఫ్రికాలో మన పూర్వీకులు రాళ్ళను పగలగొట్టి పనిముట్లు చేసుకోవడం అప్పుడప్పుడే నేర్చుకుంటున్నారు. 2015లో శ్రీహరికోట నుంచి వెళ్ళిన మన ఆస్ట్రోశాట్ ఉపగ్రహం కూడా అతినీలలోహిత కిరణాలలో ఈ గెలాక్సీని చిత్రించింది.

పాలపుంత పళ్ళెం వ్యాసం సుమారు లక్ష కాంతి సంవత్సరాలు. దాన్ని అడుగు వెడల్పున్న అన్నం పళ్ళెం అనుకోండి. ఆండ్రోమెడా అంతకన్నా కాస్త పెద్ద పళ్ళెం. రెండింటి మధ్య దూరం 25 అడుగులు. అంటే ఒక పెద్ద గదిలో ఈ గోడకొకటి, ఆ గోడకొకటి ఉన్నట్టు. గెలాక్సీల పరిమాణంతో పోలిస్తే ఇది పెద్ద దూరమేమీ కాదు.

రైలు కూత చెప్పేది, చెప్పనిది

ఆండ్రోమెడా ఇటే వస్తున్నదని మొదట కనిపెట్టినవాడు వెస్టో స్లైఫర్. అమెరికాలోని అరిజోనా రాష్ట్రంలో, లోవెల్ అబ్జర్వేటరీలో 1912లో ఆయన దీని వర్ణపటాన్ని ఫొటో తీశాడు. వెలుగు ఎంత మసకగా ఉందంటే, ఒక్కొక్క ఫొటో పలకను గంటల తరబడి, కొన్నిసార్లు ఒక రాత్రికి మించి, తెరిచి ఉంచవలసి వచ్చేది. వర్ణపటంలోని గీతలు నీలం వైపు దాదాపు వెయ్యో వంతు జరిగి కనిపించాయి. కాంతి వేగంలో వెయ్యో వంతు అంటే సెకనుకు 300 కిలోమీటర్లు. అప్పటికి అది గెలాక్సీ అని కూడా ఎవరికీ తెలియదు!

ఆ 300లో మన వాటా కూడా ఉంది. సూర్యుడు పాలపుంత కేంద్రం చుట్టూ సెకనుకు 220 కిలోమీటర్లకు పైగా వేగంతో తిరుగుతున్నాడు. ఇప్పుడు ఆయన ప్రయాణం చాలావరకు ఆండ్రోమెడా ఉన్న వైపే సాగుతున్నది. ఆ భాగాన్ని తీసేస్తే రెండు గెలాక్సీలు దగ్గరయ్యే అసలు వేగం 110 కిలోమీటర్లు వస్తుంది. 25 లక్షల కాంతి సంవత్సరాల దూరాన్ని ఈ వేగంతో భాగించి చూడండి. సుమారు 680 కోట్ల సంవత్సరాలు వస్తుంది. కాని దగ్గరయ్యే కొద్దీ ఆకర్షణ పెరిగి వేగం హెచ్చుతుంది కనుక, సూటిగా వచ్చే పక్షంలో 400 కోట్ల సంవత్సరాలకే ముగిసిపోతుంది.

సూటిగా వస్తేనే! చిక్కంతా ఇక్కడే ఉంది.

రాత్రిపూట రైల్వే స్టేషన్లో కళ్ళు మూసుకుని నిలబడ్డారనుకోండి. దూరం నుంచి రైలు కూత వినిపిస్తుంది. కూత స్వరంలో వచ్చే మార్పును బట్టి అది వస్తున్నదో పోతున్నదో, ఎంత వేగంతో కదులుతున్నదో చెప్పవచ్చు. దీన్నే డాప్లర్ ప్రభావం అంటారు, స్లైఫర్ వాడినదీ దీన్నే. కాని ఆ రైలు మీ ముందున్న పట్టాల మీద వస్తున్నదా, నాలుగో ప్లాట్‌ఫారం పట్టాల మీద వస్తున్నదా అనేది కూత చెప్పలేదు. ఆండ్రోమెడా విషయంలోనూ అంతే. ఎదురు వేగం తెలిసి వందేళ్ళు దాటింది. పక్కకు జరిగే అడ్డు వేగం మాత్రం వంద సంవత్సరాల పాటు చేతికి చిక్కలేదు.

దాన్ని కొలవడం ఎంత కష్టమో చూడండి. అడ్డు వేగం సెకనుకు 50 కిలోమీటర్లు ఉన్నా, అంత దూరంలో ఉన్న ఆండ్రోమెడా ఆకాశంలో ఒక ఏడాదికి జరిగే కోణం, వెంట్రుక మందాన్ని 1000 కిలోమీటర్ల దూరం నుంచి చూస్తే కనిపించేంత! హబుల్ అంతరిక్ష టెలిస్కోప్‌తో ఒక బృందం ఈ పని సాధించింది. ఆండ్రోమెడా నక్షత్రాలను, వాటి వెనక ఎంతో దూరాన కదలనట్టుండే గెలాక్సీలతో పోలుస్తూ, అయిదు నుంచి ఏడేళ్ళ వ్యవధిలో తీసిన ఫొటోలను సరిచూసింది. 2012లో వచ్చిన జవాబు సెకనుకు సుమారు 17 కిలోమీటర్లు. కొలతలోని పొరపాటుకు ఉండే అవకాశాన్ని బట్టి చూస్తే అది సున్నా కూడా కావచ్చు. అంటే ఆండ్రోమెడా దాదాపు సూటిగా వస్తున్నదన్న మాట. 400 కోట్ల ఏళ్ళ జోస్యం పుట్టినది దీని నుంచే.

2019లో యూరప్ వారి గయా ఉపగ్రహం కొలతలు వచ్చాయి. వాటి ప్రకారం అడ్డు వేగం 57 కిలోమీటర్ల దగ్గర ఉంది. దాంతో ఢీ కాస్తా మొదట పక్కనుంచి రాసుకుపోయేదిగా మారి, గడువు 450 కోట్ల ఏళ్ళకు జరిగింది.

ఢీ అన్నది సరైన మాటేనా?

ఇలాంటి వ్యాసాలను తెలుగు చేసేటప్పుడు ఈ మాట దగ్గర చెయ్యి ఆగుతుంది. ఢీ అనగానే రెండు లారీలు గుద్దుకున్న దృశ్యం మనసులోకి వస్తుంది. గెలాక్సీల విషయంలో అలాంటిది జరగదు. సూర్యుణ్ణి ఒక సెంటీమీటరు గోళీగా చేసి హైదరాబాదులో ఉంచితే, మనకు అతి దగ్గరి నక్షత్రమైన ప్రాక్సిమాను ఏలూరులో ఉంచాలి. మధ్యలో ఉన్నదంతా దాదాపు శూన్యమే. ఇలాంటి గోళీల గుంపులు రెండు ఒకదానిలోంచి ఒకటి దూసుకుపోతే, గోళీకి గోళీ తగిలే అవకాశం లేనట్టే. పాలపుంతలో కనీసం పదివేల కోట్ల నక్షత్రాలు, ఆండ్రోమెడాలో అంతకన్నా ఎన్నో రెట్లు ఉన్నా సరే!

తగిలేవి వాయు మేఘాలు. వాటి విస్తీర్ణం చాలా ఎక్కువ. అవి ఒకదానితో ఒకటి ఒరుసుకుని, నొక్కుకుని, కొత్త నక్షత్రాలు గుంపులు గుంపులుగా పుడతాయి. గెలాక్సీల సర్పిలాకారం చెదిరి, నక్షత్రాలు పొడవాటి తోకలుగా బయటికి విరజిమ్ముకుంటాయి. ఇవన్నీ ఉత్త ఊహలు కావు. మన హస్తా నక్షత్ర ప్రాంతంలో ఆంటెన్నా గెలాక్సీలనే జంట ఇప్పుడు సరిగ్గా ఈ స్థితిలోనే ఉంది. ఆ తోకలు ఎలా ఏర్పడతాయో 1972లోనే అలార్, యూరీ టూమ్రే సోదరులు కంప్యూటర్ మీద చేసి చూపారు. చివరకు రెండు గెలాక్సీలూ కలిసి కోడిగుడ్డు ఆకారంలో ఒకే గెలాక్సీ అవుతుంది. రెండింటి కేంద్రాల్లోని కృష్ణబిలాలు కూడా కలిసిపోతాయి.

భూమి సంగతి ఏమిటని అడుగుతారు. దానికి ఆండ్రోమెడా వల్ల భయం లేదు, సూర్యుడి వల్లే ఉంది. సూర్యుడి వెలుగు నెమ్మదిగా పెరుగుతున్నది. మరో 100 కోట్ల ఏళ్ళ తరువాత ఆ వేడికి మన సముద్రాలు నిలవవని అంచనా. మరో 500 కోట్ల ఏళ్ళకు ఆయన ఉబ్బి అరుణ మహాతార అవుతాడు. ఢీ జరిగినా దాన్ని భూమి మీద నిలబడి చూసేవారు ఉండరు.

చంద్రశేఖర్ చెప్పిన ఘర్షణ

గెలాక్సీలు ఒకదానిలోంచి ఒకటి దూసుకుపోగలిగితే, మరి కలిసిపోవడం ఎందుకు? దూసుకుపోయి ఎవరి దారిన వారు వెళ్ళవచ్చు కదా! దీనికి జవాబు 1943లో మన సుబ్రహ్మణ్యం చంద్రశేఖర్ అమెరికాలో రాసిన ఒక పరిశోధన పత్రంలో ఉంది.

నక్షత్రాల గుంపు గుండా ఒక బరువైన వస్తువు పోతున్నదనుకుందాం. పోతూ పోతూ అది చుట్టుపక్కల నక్షత్రాలను తన వైపు లాగుతుంది. అవి దగ్గరకు చేరేసరికి వస్తువు ముందుకు వెళ్ళిపోయి ఉంటుంది. కనుక నక్షత్రాలు దాని వెనక పోగుపడతాయి. ఆ పోగు వస్తువును వెనక్కి లాగుతుంది. ఎక్కడా ఏదీ తగలకుండానే వేగం తగ్గుతుంది! దీనికి గతిక ఘర్షణ అని పేరు. ప్రతి పెద్ద గెలాక్సీ చుట్టూ కంటికి కనిపించని కృష్ణ పదార్థం ఎంతో దూరం వరకు వ్యాపించి ఉంది. రెండు గెలాక్సీల కృష్ణ పదార్థం ఒకదానిలోకి ఒకటి చొచ్చుకున్నప్పుడు ఈ ఘర్షణ బలంగా పనిచేసి, వాటి వేగాన్ని మింగేసి, మళ్ళీ వెనక్కి లాగి కలిపేస్తుంది. కాని అందుకు మొదటి కలయిక తగినంత దగ్గరగా జరగాలి. చాలా దూరం నుంచి దాటిపోతే ఘర్షణ నామమాత్రమే. ఎంత దగ్గరగా వస్తాయో నిర్ణయించేది మళ్ళీ ఆ అడ్డు వేగమే.

లక్షసార్లు వేసిన లెక్క

2025లో హెల్సింకీ విశ్వవిద్యాలయానికి చెందిన టిల్ సవాలా బృందం ఈ లెక్కను మళ్ళీ వేసింది. హబుల్, గయాల కొత్త కొలతలు తీసుకున్నారు. అంతకన్నా ముఖ్యమైన పని మరొకటి చేశారు. ప్రతి కొలతకూ ఇంత ఎక్కువా తక్కువా ఉండవచ్చునన్న హద్దు ఒకటుంటుంది. ఆ హద్దుల లోపల విలువలను మార్చి మార్చి, లక్ష సార్లు కంప్యూటర్‌లో గెలాక్సీలను నడిపించారు. రెండు పెద్ద గెలాక్సీలతో ఆగకుండా, ట్రయాంగులమ్‌ను, పాలపుంత చుట్టూ తిరిగే పెద్ద మెగెల్లాన్ మేఘాన్ని కూడా చేర్చారు.

ఈ మెగెల్లాన్ మేఘం చిన్న గెలాక్సీయే అయినా, దాని ద్రవ్యరాశి పాలపుంతలో పదో వంతుకు పైగా ఉంటుంది. అది తిరిగే కక్ష్య, పాలపుంత ఆండ్రోమెడాలను కలిపే దారికి అడ్డంగా ఉంది. తిరుగుతూ అది పాలపుంతనే పక్కకు లాగుతున్నది. అందువల్ల దాన్ని లెక్కలో చేరిస్తే కలిసిపోయే అవకాశం తగ్గింది. ట్రయాంగులమ్‌ను చేరిస్తే పెరిగింది. నాలుగింటినీ కలిపి చూస్తే, రాబోయే 1000 కోట్ల సంవత్సరాలలో కలయికకు అవకాశం సుమారు సగానికి సగం. 400–500 కోట్ల ఏళ్ళలో నేరుగా గుద్దుకునే అవకాశం రెండు శాతం మాత్రమే! కలిసినా ఎక్కువ లెక్కల్లో అది 700 కోట్ల ఏళ్ళు దాటాకే జరుగుతుంది.

2012 వారు తప్పు చేశారని దీని అర్థం కాదు. వారి కొలతలు ఇప్పటికీ ఈ లెక్కలో భాగమే. అప్పట్లో అన్నిటికన్నా ఎక్కువ సంభావ్యత ఉన్న ఒక దారిని గీసి చూపారు. మన పత్రికలు, పుస్తకాలు ఆ ఒక్క గీతనే భవిష్యత్తుగా ప్రచారం చేశాయి. ఎక్కువా తక్కువల హద్దులను అచ్చులో వదిలేశాయి. గయా ఉపగ్రహం పరిశీలనలు 2025 జనవరిలో ముగిశాయి. అది పంపిన సమాచారమంతటినీ విశ్లేషిస్తే అడ్డు వేగం మరింత కచ్చితంగా తెలియాలి.

ఆండ్రోమెడా సంగతి ఎటు తేలినా, మెగెల్లాన్ మేఘం పాలపుంతలో కలవడం మాత్రం దాదాపు ఖాయం. అందుకు 200 కోట్ల సంవత్సరాలు, లేదా కొంచెం ఎక్కువ పడుతుందని అంచనా. ఇప్పుడు, ఈ రాత్రే జరుగుతున్న కలయిక ఒకటుంది. ధనూరాశి దిక్కున, పాలపుంత కేంద్రానికి ఆవలి పక్కన ఒక మరుగుజ్జు గెలాక్సీ ఉన్నట్టు 1994లో కనుగొన్నారు. మన గెలాక్సీ ఆకర్షణకు అది చీలికలు పేలికలై, దాని నక్షత్రాలు పాలపుంత చుట్టూ చుట్టుకున్న పొడవాటి దండలుగా సాగిపోతున్నాయి. ఆ గెలాక్సీ మామూలు కంటికి కనిపించదు. దాని నడిబొడ్డున ఉన్న ఎం-54 అనే నక్షత్ర గుచ్ఛం మాత్రం వేసవి రాత్రుల్లో చిన్న టెలిస్కోప్‌కు దొరుకుతుంది. 1778లో చార్లెస్ మెస్సియర్ దాన్ని తన పట్టికలో చేర్చినప్పుడు, అది మరో గెలాక్సీ తాలూకు గుండెకాయ అని ఆయనకు తెలిసే వీలు లేదు.